వంద రూపాయల టికెట్లో చిన్న నిర్మాత వాటా ఎంత?

విజయవాడ గాంధీనగర్‌లో ఒకప్పుడు గురువారం సాయంత్రమంటే సినిమా రీళ్లున్న ప్రింటు డబ్బాల హడావిడి. రైలెక్కేవి కొన్ని, బస్సు టాపు మీదకు చేరేవి కొన్ని. డబ్బాతో పాటు లెక్క చూసుకోవడానికి ఒక రిప్రజెంటేటివ్ బయల్దేరేవాడు. ఇప్పుడు డబ్బాలు లేవు. సినిమా హార్డ్‌డిస్కులోనో శాటిలైట్ ద్వారానో థియేటర్ సర్వర్‌లోకి ముందే చేరిపోతుంది. తాళంచెవి మాత్రం చివర్లో ఈమెయిల్‌లో వస్తుంది. దాన్ని కేడీఎం అంటారు. ఫలానా థియేటర్‌లోని ఫలానా సర్వర్ మీద, ఫలానా తేదీ ఫలానా గంట నుంచి ఫలానా గంట వరకే అది పనిచేస్తుంది. సినిమా తీయడం ఒక ఎత్తు, ఆ తాళంచెవి బయటకు రావాలంటే ఎవరెవరికి ఏ వరసలో డబ్బు కట్టాలో తెలుసుకోవడం ఒక ఎత్తు. ఆ వరసలో చిట్టచివర నిలబడేది నిర్మాత. స్టార్ లేని సినిమా తీసే స్వతంత్ర నిర్మాతకు ఈ రెండో ఎత్తే అసలు వృత్తి.

ఈ లెక్క నేర్చుకోవడానికి విజయవాడ మంచి చోటు. 1921లోనే ఇక్కడ మారుతి సినిమా హాలు వెలిసింది. సినిమాలు మద్రాసులో తయారయ్యే రోజుల్లో నవయుగ లాంటి పంపిణీ సంస్థలు ఇక్కడి నుంచి నిర్మాతలకు అడ్వాన్సులు పంపేవి. నిర్మాణం హైదరాబాదు చేరినా కృష్ణా, గుంటూరు ఏరియాల బేరాలకు మాత్రం నేటికీ గాంధీనగర్ డిస్ట్రిబ్యూషన్ ఆఫీసుల మెట్లెక్కాలి.

థియేటర్ దగ్గరే మొదలుపెడదాం. గుంటూరులో నాలుగు వందల సీట్ల ఏసీ థియేటర్ ఒకటి అనుకోండి. రోజుకు నాలుగాటలు, వారానికి 28. మొత్తం 11,200 సీట్లు. టికెట్ పన్నుతో కలిపి వంద రూపాయలు. పేరున్న ముఖం లేని సినిమాకు వారం మొత్తం మీద సగటున 15 శాతం నిండిందంటే 1,680 టికెట్లు తెగినట్టు. గ్రాస్, అంటే మొత్తం వసూలు, 1,68,000. ముందుగా జీఎస్టీ పోతుంది. 2025 సెప్టెంబరు 22 నుంచి వంద రూపాయల లోపు టికెట్‌కు అది 5 శాతం, ఆపైన 18 శాతం. మన లెక్కలో పన్ను 8,000 పోగా నెట్ 1,60,000. థియేటర్ అద్దె వారానికి లక్షన్నరకు కుదిరిందనుకుంటే మిగిలేది పదివేలు. వ్యాపారంలో 'షేర్' అనేది దీన్నే. సినిమాను హాళ్ల సర్వర్లకు చేర్చే క్యూబ్, యూఎఫ్‌ఓ లాంటి డిజిటల్ సంస్థలకు థియేటర్‌కు ఇంత అని కట్టాల్సింది ఈ పదివేలలోంచే పోవాలి. పోస్టర్లు, అవి అంటించేవాళ్ల కూలీ, గేటు దగ్గర ఫ్లెక్సీ, రిప్రజెంటేటివ్ బేటా (రోజు ఖర్చు) ఇంకా లెక్కలోకే రాలేదు. అవి నిర్మాత జేబులోంచే.

నిండింది 15 కాదు, 10 శాతమే అనుకోండి. నెట్ లక్షా ఆరువేల చిల్లర. అద్దెకే 43 వేలు తక్కువ. ప్రేక్షకులు డబ్బిచ్చి చూసినా నిర్మాత ఎదురు కట్టాలి. దీన్నే నెగటివ్ షేర్ అంటారు. ఇలాంటి థియేటర్లు ముప్పై పట్టారంటే వారానికి 13 లక్షలు ఎదురు. 'మా సినిమా రెండు వందల థియేటర్లలో విడుదల' అని పోస్టర్ వేసుకునే ముందు ఈ గుణకారం ఒక్కసారి కాగితం మీద చేసుకుంటే, ఆ పోస్టర్లలో సగం అచ్చయ్యేవి కావు.

ఇదే సినిమాను అద్దె లేకుండా, నెట్‌ను థియేటర్, నిర్మాత సగం సగం పంచుకునే పర్సంటేజీ మీద వేస్తే? 10 శాతం నిండినా నిర్మాత వైపు 53 వేలు వస్తాయి. అద్దె పద్ధతిలో పోయేది 43 వేలు కాబట్టి, ఒక్క థియేటర్‌లో ఒక్క వారంలోనే తేడా 97 వేల దాకా ఉంటుంది. తిరగేసి చూడండి. సినిమా ఆడి 60 శాతం నిండితే నెట్ 6,40,000. అప్పుడు అద్దె మీద నిర్మాతకు 4,90,000, పర్సంటేజీ మీద 3,20,000. అంటే అద్దె పద్ధతి ఆడే సినిమాకు వరం, ఆడుతుందో లేదో తెలియని సినిమాకు ఉరి. థియేటర్ వాళ్ల గోడు ఇంకో వైపుది: పెద్ద సినిమాలు నిండే రోజుల్లో అద్దె ఇచ్చి, పలచబడ్డాక పర్సంటేజీకి దిగుతున్నాయని. 2025 మేలో రెండు తెలుగు రాష్ట్రాల ఎగ్జిబిటర్లు, అంటే థియేటర్ల వాళ్లు, పర్సంటేజీ కోసం జూన్ 1 నుంచి హాళ్లు మూస్తామని ప్రకటించి, తర్వాత వెనక్కి తగ్గింది ఈ తగువు మీదే. మల్టీప్లెక్సుల్లో ఎలాగూ పర్సంటేజీయే, వారం మారేకొద్దీ నిర్మాత వాటా తగ్గుతుంది.

కాబట్టి చిన్న సినిమాకు తెలివైన బేరం ఇది: తక్కువ హాళ్లు, హాలుకు రోజుకు ఒకటో రెండో ఆటలు, వీలైన చోట పర్సంటేజీ, కుదరకపోతే ఆటల లెక్కన అద్దె. మౌత్ టాక్ బాగుంటే సోమవారం ఆటలు పెంచుకోవచ్చు. పెంచిన ఆటలు తగ్గించుకుంటే మాత్రం సినిమా పోయిందన్న కబురు ఊరంతా తిరుగుతుంది. ఏపీలో 2022 మార్చి 7న వచ్చిన జీవో 13, టికెట్ ధరలను కనిష్ఠం 20, గరిష్ఠం 250 మధ్య ఖరారు చేస్తూనే ఐదో ఆటకు వీలు కల్పించి, 20 కోట్ల లోపు బడ్జెట్ సినిమాలకు ఆ ఐదింటిలో ఒక ఆట ఉండాలంది. కాగితం మీది ఆ ఆట నిజంగా దొరకాలంటే హాలు మేనేజరుతో ముందుగా మాట్లాడుకుని ఉండాలి. సంక్రాంతి, దసరా వారాల్లో ఆ ఆశ కూడా పెట్టుకోవద్దు.

ఇక డిస్ట్రిబ్యూటర్. ఏపీలో జిల్లాలు 2022 ఏప్రిల్ 4న 13 నుంచి 26 అయినా, సినిమా వ్యాపారం పటం పాతదే: నైజాం (తెలంగాణ), సీడెడ్ (రాయలసీమ), ఉత్తరాంధ్ర, ఈస్ట్, వెస్ట్ (రెండు గోదావరి జిల్లాలు), కృష్ణా, గుంటూరు, నెల్లూరు. అందుకే అగ్రిమెంట్‌లో ఏరియా పేరు ఒక్కటే రాస్తే చాలదు. సరిహద్దు ఊళ్లు ఎవరివో, ఒంగోలు ఎటు పడుతుందో ఊళ్ల పేర్లతో రాసుకోవాలి. లేకపోతే ఒకే ఊరి షేర్ కోసం ఇద్దరు పట్టుబడతారు.

డిస్ట్రిబ్యూటర్ 'సినిమా తీసుకున్నాను' అన్నాడంటే అందులో నాలుగు అర్థాలుండొచ్చు. ఔట్‌రైట్ అంటే ఇన్నేళ్లకు ఇంత అని కొనేయడం. లాభనష్టాలు ఆయనవే. ఎన్‌ఆర్‌ఏ అంటే తిరిగి ఇవ్వక్కర్లేని అడ్వాన్స్: ఆయన పెట్టిన డబ్బు, రిలీజ్ ఖర్చులు, కమీషన్ వసూలయ్యాక మిగిలేదాన్ని, అంటే ఓవర్‌ఫ్లోను, ఇద్దరూ పంచుకుంటారు. మూడోది మామూలు అడ్వాన్స్. పైకి ఎన్‌ఆర్‌ఏ లాగే కనిపిస్తుంది, కానీ వసూళ్లు చాలకపోతే తేడా నిర్మాత తిరిగి కట్టాలి. నాలుగోది ఒట్టి కమీషన్: ఆయన హాళ్లు మాట్లాడి పెడతాడు, అద్దెలు, ఖర్చులు నిర్మాతవి, వచ్చిన దాంట్లో ఆయన శాతం ఆయనది. కొత్తవాళ్ల సినిమాల్లో ఎక్కువ భాగం ఈ నాలుగో దారిలోనే విడుదలవుతాయి. తప్పేమీ లేదు. కాకపోతే చేతికొచ్చిన అడ్వాన్స్‌ను అమ్మకం అనుకుని ఆ డబ్బుతో పాత బాకీలు తీర్చేయడం చాలామంది పడే గోతి. రెండు నెలల తర్వాత 'తేడా పంపండి' అని ఫోన్ వచ్చాక గానీ అది మూడో రకమని తెలియదు. 'తిరిగి చెల్లించనవసరం లేని' అన్న ముక్క అగ్రిమెంట్‌లో అక్షరాలా ఉందో లేదో చూసుకోవాలి. ఖర్చుల జాబితా, వాటి గరిష్ఠ పరిమితి కూడా రాయించుకోవాలి. పరిమితి లేని 'పబ్లిసిటీ ఖర్చులు' ఎంత ఓవర్‌ఫ్లోనైనా మింగేస్తాయి.

వడ్డీ అనే కనపడని పాత్ర

సినిమాకు పరిశ్రమ హోదా ఇస్తున్నట్టు కేంద్రం 1998లో ప్రకటించినా, చిన్న నిర్మాతకు బ్యాంకు తలుపు తెరుచుకునేది ఇల్లో పొలమో తాకట్టు పెట్టినప్పుడే. మిగిలేది ప్రైవేటు అప్పు. మన దగ్గర వడ్డీ రూపాయల్లో చెబుతారు. నూటికి రెండు రూపాయలంటే వినడానికి చిన్నమాటే, ఏడాదికి 24 శాతం. 60 లక్షలు తెస్తే నెలకు లక్షా ఇరవై వేలు. పది నెలల్లో విడుదలైతే వడ్డీ 12 లక్షలు. అదే పద్దెనిమిది నెలలకు జరిగితే 21 లక్షల 60 వేలు. ఆ అదనపు 9 లక్షల 60 వేలతో తెర మీద ఒక్క ఫ్రేమ్ కూడా పెరగలేదు.

ఆలస్యం ఎక్కడ పుడుతుందంటే, దాదాపు ఎప్పుడూ ఒకచోటే. ఉన్న డబ్బంతా షూటింగ్‌కు పెట్టేస్తారు. షూటింగ్ ముగించి గుమ్మడికాయ కొట్టిన రోజున ఎడిటింగ్, డీఐ (రంగులు సరిదిద్దడం), డబ్బింగ్, ఆర్‌ఆర్ (నేపథ్య సంగీతం), మిక్సింగ్‌కు రూపాయి ఉండదు. కొత్త డబ్బు వెతికేలోగా హీరో ఇంకో సినిమాకు గడ్డం పెంచుతాడు, మిగిలిపోయిన ముక్కలు తీసే ప్యాచ్‌వర్క్ షూటింగ్ ఆగిపోతుంది. కోటి రూపాయలు చేతిలో ఉంటే షూటింగ్ పూర్తయ్యే వరకు 50 లక్షలు, ఆ తర్వాతి పనులకు, అంటే పోస్ట్‌కు, 15, పబ్లిసిటీకి, రిలీజ్‌కు 25, ఎదురుదెబ్బలకు 10 అని ముందే విడగొట్టుకోవడం మంచిది. పోస్ట్ డబ్బు, రిలీజ్ డబ్బు వేరే ఖాతాలో ఉండాలి. 'ఇంకో రెండు రోజులు షూట్ చేస్తే క్లైమాక్స్ అదిరిపోతుంది' అని డైరెక్టర్ అడిగిన రోజున ఆ ఖాతా చెక్కుబుక్కు సెట్‌లో దొరక్కూడదు.

ఫిల్ము రోజుల్లో ఫైనాన్షియర్ డబ్బిచ్చే ముందు ల్యాబ్ లెటర్ తీసుకునేవాడు: నా బాకీ తీరిందని నేను చెప్పేదాకా ప్రింట్లు కదపొద్దని. నెగటివ్ పోయింది గానీ ఆ పద్ధతి పోలేదు. ఇప్పుడు ఆ కాగితం డిజిటల్ సంస్థ దగ్గర ఉంటుంది. 'ఫైనాన్స్ క్లియరెన్స్ రాలేదు, మార్నింగ్ షో రద్దు' అని శుక్రవారం వినిపిస్తే, కేడీఎంలు అక్కడే ఆగాయని అర్థం. ఒక్కోసారి ఆ బాకీ ఈ సినిమాది కూడా కాదు, అదే బ్యానర్ పాత సినిమాది. అందుకే సినిమాకొక ఎల్‌ఎల్‌పీ (పరిమిత బాధ్యత ఉన్న భాగస్వామ్య సంస్థ) పెట్టుకునేవాళ్లు పెరిగారు: ఒక సినిమా అప్పు ఇంకో సినిమా మెడకు చుట్టుకోకుండా. అయితే నిర్మాత సొంత హామీ సంతకం పెట్టాడంటే ఆ అడ్డుగోడ ఉత్తదే.

చుట్టాల దగ్గరా, అమెరికాలో ఉన్న స్నేహితుల దగ్గరా పెట్టుబడి తేవడం మామూలే. ఎవరి వాటా ఎంత, ఎవరి డబ్బు ముందు తీరుతుంది అన్నది మొదటి రూపాయి అందకముందే రాసుకోవాలి. 'పదివేలు పెట్టండి, లాభంలో వాటా' అని సోషల్ మీడియాలో ప్రకటన ఇవ్వడం మాత్రం వేరే సంగతి. ప్రైవేటు కంపెనీ వాటాలు ఏడాదికి 200 మందికి మించి ఇవ్వజూపకూడదు, వాటికి బహిరంగ ప్రకటనా ఇవ్వకూడదు. తిరిగి ఇస్తామని జనం దగ్గర డబ్బు తీసుకుంటే 2019 నాటి అనధికార డిపాజిట్ల నిషేధ చట్టం మెడకు తగలొచ్చు.

అమ్మేది సినిమాను కాదు, హక్కులను

నిర్మాత దగ్గర సరుకంటూ ఉండేది కాపీరైట్ ఒక్కటే. 1957 చట్టం ప్రకారం సినిమా విడుదలైన మరుసటి ఏడాది మొదలు అరవై ఏళ్లు అది నడుస్తుంది. థియేటర్, శాటిలైట్, డిజిటల్, ఆడియో, ఓవర్సీస్, హిందీ డబ్బింగ్, ఇతర భాషల డబ్బింగ్, రీమేక్ అన్నీ దానికి కాసిన కాయలు. ఒక్కోటి ఒక్కొక్కరికి, ఒక్కో గడువుకు అమ్మొచ్చు. మొదటి సినిమా నిర్మాత సాధారణంగా చేసే పొరపాటు, అప్పు ఒత్తిడిలో 'నెగటివ్ హక్కులు', అంటే ఈ కాయలన్నీ, మొత్తం ఒక్కరికే శాశ్వతంగా రాసివ్వడం. అలా ఇచ్చేశాక సినిమా పదేళ్ల తర్వాత జనానికి నచ్చినా అతనికి మిగిలేది టైటిల్ కార్డే.

కొనేవాడు ముందు అడిగేది సినిమా కాదు, కాగితాల గొలుసు. కథ ఎవరిది, ఆయన రాసిచ్చాడా, మాటలు, పాటలు, సంగీతం, నటీనటుల ఒప్పందాలు. చట్టంలో ఒక మెలిక గుర్తుంచుకోవాలి. హక్కుల బదిలీ రాతపూర్వకంగా ఉండాలి. గడువు రాయకపోతే అయిదేళ్లే అని, ప్రాంతం రాయకపోతే భారతదేశమే అని అర్థం చేసుకుంటారు. రైటర్ స్నేహితుడే కదా అని ఒక పేజీ కాగితం మీద సంతకం తీసుకుంటే, ఓవర్సీస్ అమ్మేటప్పుడు మళ్లీ ఆయన ఇంటికే వెళ్లాలి. 2012 సవరణ తర్వాత పాటల రచయితకు, సంగీత దర్శకుడికి సినిమా హాలు బయటి వాడకం మీద వచ్చే రాయల్టీని ఏ ఒప్పందమూ తీసేయలేదు. ఫిలిం ఛాంబర్‌లోనో నిర్మాతల మండలిలోనో టైటిల్ నమోదు చేయించడం అవసరమే, కానీ అది పరిశ్రమ లోపలి సర్దుబాటు, కాపీరైట్ కాదు.

ఓటీటీల గురించి ఒక్క మాట. పేరున్న నటుడు లేని సినిమాను విడుదలకు ముందే కొనే అలవాటు బాగా తగ్గింది. చాలాసార్లు దొరికేది చూసిన గంటల లెక్కన వాటా. కాబట్టి బడ్జెట్‌లో ఓటీటీ ఆదాయం గడిలో సున్నా వేసి, అయినా సినిమా తీయాలనిపిస్తే తీయాలి. కొన్నా కూడా వాళ్లు నాణ్యత పరీక్ష పెడతారు. 5.1 సౌండ్‌తో పాటు మాటలు లేని మ్యూజిక్, ఎఫెక్ట్స్ ట్రాక్, అక్షరాలు లేని మాస్టర్, సబ్‌టైటిళ్లు అడుగుతారు. మిక్సింగ్ రోజునే అడిగి తీసుకుంటే అవి దాదాపు ఊరికే వస్తాయి. ఏడాది తర్వాత అడిగితే సెషన్ ఫైళ్లు ఎక్కడున్నాయో ఎవరికీ తెలియదు. హక్కుల అమ్మకం మీద 18 శాతం జీఎస్టీ వేయాలి. 40 లక్షల డీల్‌లో ఆ 7,20,000 నిర్మాతది కాదు, చేతిలో ఉంది కదా అని వాడేస్తే వచ్చే నెలే తెలుస్తుంది.

షూటింగ్ సంగతి ఇక్కడ క్లుప్తంగానే. కృష్ణా, గుంటూరు ప్రాంతంలో తీస్తే లొకేషన్లకు లోటు లేదు: ఉండవల్లి, కొండవీడు, భవానీ ద్వీపం, సూర్యలంక తీరం. కానీ కెమెరా, లైట్లు, జనరేటర్ ఎక్కువగా హైదరాబాదు నుంచే రావాలి. ఔట్‌డోర్ యూనిట్ వాళ్లకు ప్రయాణం రోజులకూ బేటా, బండి అద్దె ఉంటాయి. అయిదేసి రోజుల చొప్పున నాలుగు షెడ్యూళ్లు వేస్తే ఎనిమిది ప్రయాణాలు, ఒకే ఇరవై రోజుల షెడ్యూలైతే రెండే. మేలో విజయవాడ ఎండకు పదకొండు నుంచి మూడు దాకా బయట తీయడం కుదరదు, కాల్షీట్‌లో మూడో వంతు నీడలో కూర్చోవడానికే పోతుంది. గుంటూరు మిర్చి యార్డు తెర మీద ఎర్రగా అద్భుతంగా ఉంటుంది గానీ ఆ ఘాటుకు యూనిట్ అంతా దగ్గుతుంది. అక్కడ లైవ్ సౌండ్ ఆశ వదులుకుని డబ్బింగ్‌కు డబ్బు పక్కన పెట్టుకోవాలి. ఉండవల్లి గుహలకు పురావస్తు శాఖ అనుమతి, ప్రకాశం బ్యారేజీకి జలవనరుల శాఖతో పాటు పోలీసులది, డ్రోన్ ఎగరేయాలంటే 2021 డ్రోన్ రూల్స్ ప్రకారం సర్టిఫికెట్ ఉన్న పైలట్.

రెండు అనుమతులు ముఖ్యంగా మరిచిపోతారు. పల్లె సీన్‌లో ఒంగోలు గిత్తల్ని బండికి కట్టి తీశారంటే జంతు సంక్షేమ మండలి ముందస్తు అనుమతి ఉండాలి. లేకపోతే హైదరాబాదు సెన్సార్ ఆఫీసులో ఫైలు ఆగుతుంది. బాలనటులుంటే షూటింగ్ జరిగే జిల్లా మేజిస్ట్రేట్ అనుమతి కావాలి, రోజుకు అయిదు గంటలకు మించి పని చేయించకూడదు, విరామం లేకుండా మూడు గంటలు దాటకూడదు, పారితోషికంలో కనీసం 20 శాతం బిడ్డ పేరు మీద ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. సెన్సార్ దరఖాస్తు ఇప్పుడు ఈ-సినీప్రమాణ్ పోర్టల్‌లోనే. 2023 సవరణతో, పిల్లలు పెద్దల మార్గదర్శనంలో చూడాలనే పాత యూఏ స్థానంలో 7, 13, 16 ఏళ్ల మెట్లతో మూడు యూఏలు వచ్చాయి. విడుదల తేదీ ప్రకటించాక సెన్సార్‌కు వెళ్లడం అంటే పెళ్లి కార్డులు పంచాక పిల్లను చూడబోవడమే. సినిమాను మళ్లీ చూసే రివైజింగ్ కమిటీకి వెళ్లాల్సి వస్తే అద్దెకు తీసుకున్న హాళ్లన్నీ చేజారతాయి.

విడుదల తేదీకి ఆదాయపన్నుతోనూ ముడి ఉంది. 1962 నిబంధనల్లోని 9ఏ ప్రకారం, హక్కులన్నీ అమ్మేయకుండా నిర్మాతే విడుదల చేసుకుంటే, మార్చి 31కి కనీసం 90 రోజుల ముందు విడుదలైన సినిమాకే ఖర్చంతా ఆ ఏడాది లెక్కలో చూపవచ్చు. సంక్రాంతి సినిమాకు ఆ 90 రోజులు రావు. అప్పుడు వచ్చిన ఆదాయం మేరకే ఖర్చు, మిగతాది వచ్చే ఏడాదికి. 2025 కొత్త ఆదాయపన్ను చట్టం 2026 ఏప్రిల్ 1 నుంచి అమలు కాబట్టి నిబంధనల నంబర్లు మారతాయి, తేదీ ఖరారు చేసే ముందే ఆడిటర్‌ను అడగాలి.

ఇవన్నీ నేర్పే కోర్సు లేదు. డైరెక్టర్ కావాలనుకునేవాడు సెట్‌కు పోతాడు. నిర్మాత కావాలనుకునేవాడు ఏదైనా డిస్ట్రిబ్యూషన్ ఆఫీసులో ఓ ఏడాది కూర్చుని డీసీఆర్‌లు చదవాలి, ఆ తర్వాత ప్రొడక్షన్ మేనేజర్ పక్కన ఇంకో ఏడాది. డీసీఆర్ అంటే రోజువారీ కలెక్షన్ రిపోర్టు: ఆటకు, తరగతికి తెగిన టికెట్లు, పన్ను, నెట్. బీ, సీ సెంటర్లలో, అంటే చిన్న పట్టణాల్లో, ఊళ్లలో, ఏ ఆట ఏ వారం పడిపోతుందో అవి చెప్పినట్టు ఏ ట్రేడ్ విశ్లేషకుడూ చెప్పడు. సినిమాకు సినిమాకు మధ్య ఖాళీలో ఇల్లు గడవాలి కాబట్టి బంగారం షాపుల యాడ్లు, వేరేవాళ్ల సినిమాలకు లైన్ ప్రొడక్షన్ (షూటింగ్ నడిపిపెట్టడం), ఇక్కడి షెడ్యూళ్లకు లొకేషన్ ఏర్పాట్లు చేసేవాళ్లు చాలామంది. అది చిన్నతనమేమీ కాదు. మొదటి సినిమాకు ఇల్లు తాకట్టు పెట్టిన వాడికన్నా, ఆ పనుల మీద నెల ఖర్చు వెళ్లదీసుకునేవాడే రెండో సినిమా దాకా నిలుస్తాడు.

విడుదలైన మూడు నాలుగు వారాలకు డిస్ట్రిబ్యూటర్ లెక్కల కాగితం పంపుతాడు. దాన్ని డీసీఆర్‌లతో హాలు హాలుకు సరిపోల్చి, ఖర్చులకు బిల్లులు అడిగి, టీడీఎస్ (ముందే పట్టుకునే ఆదాయపన్ను) కోసినట్టుంటే అది పాన్ మీద నమోదైందో లేదో చూసుకుని సంతకం పెట్టాలి. ఆ తర్వాత చేయాల్సినవి రెండున్నాయి. అమ్మిన ప్రతి హక్కు ఏ తేదీన తిరిగి వస్తుందో ఒక పుస్తకంలో రాయడం ఒకటి. మాస్టర్ ఫైళ్ల మూడు కాపీలు మూడు చోట్ల పెట్టి, ఏడాదికోసారి డిస్కు తిప్పి చూసి, నాలుగైదేళ్లకు కొత్త డిస్కులోకి ఎక్కించడం రెండోది. శాటిలైట్ గడువు ఏడేళ్లకు ముగిసి మళ్లీ ఎవరైనా కొనడానికి వస్తే, అప్పుడు వాళ్లకు పంపాల్సింది ఆ ఫైలే.